కదలని నీడ

పొద్దున్నే వెళ్లి చూడండి... శివలింగం వెనక గోడమీద నిలువుగా ఓ స్తంభం నీడ. సూర్యుడు నడినెత్తికొచ్చాక చూడండి... అక్కడే. సాయంత్రం గుళ్లోంచి బయటికొస్తూ వెనక్కి తిరిగి చూడండి... ఇంకా అక్కడే! నీడంటేనే పొద్దుతోపాటు నడిచేది కదా, మరి ఇదేంటి, గోడకి అతుక్కుపోయినట్టు? నల్గొండ పక్కనున్న పానగల్లులో ఛాయా సోమేశ్వరుడికి ఆ పేరు తెచ్చింది ఈ నీడే.

చిక్కడపల్లిలోనో అశోక్‌నగర్‌లోనో ఇరుకు సందులోని అపార్ట్‌మెంటులో ఉండేవాళ్లకి ఈ గుడి గురించి చెబితే కాస్త అసూయ పుట్టొచ్చు. పక్కింటి గోడ కిటికీకి చేతికందే దూరంలో ఉంటుంది. మిట్టమధ్యాహ్నమైనా ట్యూబ్‌లైటు వెయ్యందే బియ్యంలో రాయి కనిపించదు. అక్కణ్నుంచి వంద కిలోమీటర్ల దూరంలో, కరెంటన్న మాటే లేని రోజుల్లో, వెలుగు ఎటునుంచి రావాలి, ఎక్కడ ఆగిపోవాలి అని ఆలోచించి మరీ రాళ్లు నిలబెట్టారు!

పానగల్లు కుందూరు చోడుల రాజధాని. ఊరి పక్కనున్న ఉదయసముద్రం చెరువు కూడా వాళ్ల కాలానిదే. 11, 12 శతాబ్దాల నాటి ఈ గుడి త్రికూటాలయం... అంటే ఒకే మండపానికి మూడు గర్భగుళ్లు. వాటిలో ఒక్కదాంట్లోనే ఈ వింత. ఎదురుగా స్తంభాలు చాలానే ఉన్నాయి. నీడ మాత్రం ఒక్కటే. ఇది ఏ స్తంభానిదో కనిపెడదామని వచ్చినవాళ్లంతా ఒక్కో స్తంభం దగ్గరా నిలబడి చూస్తారు. చివరికి తల గోక్కుంటారు.

కిటుకేంటంటే... గర్భగుడి గోడమీద పడేది నేరుగా ఎండ కాదు. మండపం ఖాళీల్లోంచి లోపలికొచ్చే ఆకాశపు వెలుగు. సూర్యుడు కదులుతాడుగానీ ఆ ఖాళీలు కదలవుగా! కుడివైపు నుంచి వచ్చే వెలుగు గోడమీద ఒక భాగాన్ని, ఎడమవైపుది మరో భాగాన్ని వెలిగిస్తాయి. స్తంభాలు అడ్డుపడటంతో రెండూ సరిగా చేరని పట్టీ ఒకటి మధ్యలో మిగిలిపోతుంది. అదే మనం చూసే నీడ. ఒక స్తంభానిది కాదు, కొన్ని కలిస్తే ఏర్పడింది. భౌతికశాస్త్రం తెలిసినవాళ్లు ఇచ్చే వివరణ ఇది. నమ్మకం కుదరకపోతే ఇంట్లోనే చూడొచ్చు. ఉత్తరం వైపు ఒకే కిటికీ, అదీ ఎండ పడనిది ఉన్న గదిలో తెల్లకాగితం నిలబెట్టి, దానిముందు పెన్సిలు పెట్టండి. నీడ పలచగా ఉంటుందిగానీ సాయంత్రందాకా చోటు మారదు.

అసలు మన గుళ్లకి మొదటి కొలత తీసేదే నీడతో. మయమతంలాంటి వాస్తు గ్రంథాలు చెప్పే పద్ధతి ఇది: చదునుచేసిన నేలమీద వృత్తం గీసి, మధ్యలో శంకువు పాతుతారు. దాని నీడకొస పొద్దునా, మధ్యాహ్నం తర్వాతా వృత్తాన్ని తాకిన రెండుచోట్లా గుర్తుపెట్టి కలిపితే తూర్పు పడమరల గీత వచ్చేస్తుంది. దిక్సూచితో పనేలేదు. ఉలి పట్టేముందే ఎండని చదవడం వచ్చుండాలన్నమాట.

శ్రీకాకుళం దగ్గరి అరసవల్లిది ఇంకో లెక్క. అక్కడ నేరుగా ఎండే లోపలికొస్తుంది. మార్చి 10 ప్రాంతంలో, మళ్లీ అక్టోబరు మొదట్లో సూర్యోదయపు కిరణాలు మూలవిరాట్టు పాదాలమీద పడతాయి. ఆ రెండు తేదీలే ఎందుకు? రాత్రీ పగలూ సమానమయ్యే మార్చి 20కి పదిరోజుల ముందు ఒకటి, సెప్టెంబరు 23కి సుమారు తొమ్మిది రోజుల తర్వాత మరొకటి. ఆ రెండుసార్లూ సూర్యుడు తూర్పున దాదాపు ఒకే చోట పొడుస్తాడు మరి! నాగలాపురం వేదనారాయణస్వామి గుళ్లోనూ మార్చిలో కిరణాలు రోజుకింత పైకి పాకుతూ పాదాల నుంచి నుదుటిదాకా వెళతాయి. రామప్ప శిల్పులు మాత్రం రాతినే అద్దంలా నునుపు చేశారు. 1213 నాటి ఆ నల్లటి స్తంభాలమీద ఇప్పటికీ వెలుగు మెరుస్తుంది. 2021లో యునెస్కో గుర్తింపు రావడంతో అక్కడికి జనం పెరిగారు. అయినా వీటన్నిట్లో గడుసుపని పానగల్లుదే. మిగతాచోట్ల వెలుగుని పట్టుకున్నారు. ఇక్కడ వెలుగు లేకపోవడాన్ని పట్టుకున్నారు.

అయితే, రాయి విరిగితే అతికించొచ్చు, స్తంభం వాలితే నిలబెట్టొచ్చు. నీడ అలా కాదే. సౌకర్యంగా ఉంటుందని మండపంలో పెద్ద దీపం పెట్టినా, వాన పడుతోందని ఓ ఖాళీకి గోడ కట్టినా, రేకుల పందిరి వేసినా అది పలచబడిపోతుంది. ఒక్క రాయీ చెక్కుచెదరకుండానే అసలు కట్టడం మాయమైపోవచ్చు. అరసవల్లికీ అంతే... కిరణాలు వచ్చే దారికి ఎదురుగా ఏదైనా లేచిందంటే తొమ్మిది నిమిషాల వేడుకైనా, రెండు నిమిషాలదైనా ముగిసినట్టే. కాబట్టి ఇక్కడ కాపాడాల్సినవాటిలో స్తంభాలతోపాటు వాటి మధ్య ఖాళీలూ ఉన్నాయి.

నల్గొండ నుంచి పానగల్లు నాలుగు కిలోమీటర్లుంటుంది. మహాత్మాగాంధీ బస్‌స్టేషన్‌లో పొద్దున్నే బస్సెక్కితే సాయంత్రానికి ఇంటికొచ్చేయొచ్చు. అదే ఊళ్లోని పచ్చల సోమేశ్వరాలయం, దాని ఆవరణలోని మ్యూజియం కూడా చూడండి. ఛాయా సోమేశ్వరుడి దగ్గరికి మాత్రం రెండుసార్లు వెళ్లండి, వెళ్లగానే ఓసారి, తిరిగొచ్చేముందు ఓసారి. లోపల సెల్‌ఫోను ఫ్లాష్ వెయ్యొద్దు. వేస్తే మీరు చూడ్డానికొచ్చిందే కనిపించదు.