ఎరవిచ్చిన ఆట

తెలుగులో 'అప్పు' అనియు 'ఎరవు' అనియు రెండు మాటలు కలవు. పొరుగింటినుండి గ్లాసెడు పంచదార తెచ్చుకొన్నచో అది అప్పు. ఆ పంచదారనే తిరిగి ఇయ్యనక్కరలేదు. అంతే కొలత వేరు పంచదార ఇచ్చిన చాలును. పెండ్లికి పోవుటకు హారము తెచ్చుకొన్నచో అది ఎరవు. ఆ హారమునే తిరిగి ఇయ్యవలెను. ఎరవులో ఒక లక్షణము ఇమిడియున్నది. హారము పుచ్చుకొన్నవారి మెడలో ఉన్నంతకాలము ఇచ్చినవారి పెట్టెలో ఉండదు. దీనికి కాపలా అక్కరలేదు, ఒప్పందము అక్కరలేదు. ఒక వస్తువు ఒకే సమయమున రెండుచోట్ల ఉండజాలదు గనుక అది దానంతట అదియే జరుగును.

మరి వస్తువే లేనిచోట ఎరవు ఎట్లు సాధ్యము? నేడు బాలబాలికలు గేమ్ కన్సోల్ అను ఆటయంత్రముపై ఆడుకొను వీడియో ఆటలలో పెక్కు పెట్టెలలో వచ్చుటలేదు. ఇంటర్నెట్ ద్వారా సరాసరి యంత్రములోనికి దిగుచున్నవి. అన్న కొన్న ఆటను చెల్లెలు తన యంత్రముపై ఆడగోరినచో ఇచ్చునది ఏమి? తిరిగి పుచ్చుకొనునది ఏమి? చూచుటకు పిల్లల తగవువలె కనబడు ఈ ప్రశ్నకు సమాధానము చెప్పుటకు గణితజ్ఞులు, ఇంజనీర్లు, న్యాయమూర్తులు కూడ శ్రమపడవలసివచ్చినది.

కార్ట్రిడ్జిల కాలము

జపానులోని క్యోటో నగరమున 1889లో నింటెండో సంస్థ స్థాపింపబడినది. అది మొదట చేసినది పూలబొమ్మల పేకముక్కలు. ఆ సంస్థయే 1983 జులై 15న 'ఫ్యామిలీ కంప్యూటర్' అను ఆటయంత్రమును జపానులో అమ్మకమునకు పెట్టినది. అందు ఒక్కొక్క ఆటయు అరచేతిలో ఇముడు కార్ట్రిడ్జి రూపమున వచ్చెడిది. దానిని ఒక యంత్రమునుండి ఊడదీసి వేరొక యంత్రములో గ్రుచ్చవచ్చును. కనుక కార్ట్రిడ్జిని ఎరవిచ్చుట పుస్తకమును ఎరవిచ్చుట వంటిదే. అది మిత్రుని ఇంటనున్న దినములలో సొంతదారు ఆడజాలడు. తరువాత వచ్చిన డిస్కుల విషయమునను ఇంతే.

నకలుకును అసలుకును భేదము లేనిచోట

డిజిటల్ ఆట యనగా సున్నలు, ఒకట్లతో కూడిన మిక్కిలి పొడవైన వరుస. ఒక గిగాబైటులో 800 కోట్ల బిట్లు ఉండును. 16 గిగాబైట్ల ఆట యన్నచో 12,800 కోట్ల బిట్లన్నమాట. ఇంత పొడవైన వరుసనైనను ఒక యంత్రము రెండవదానికి ఒక్క బిట్టు తప్పకుండ పంపగలదు. దారిలో తప్పు దొరలినచో కనిపెట్టి ఆ భాగమును మరల తెప్పించుకొనగలదు.

ఇక్కడ గమనింపవలసినది ఒకటి కలదు. 'పంపుట' అని మనము వాడుకగా అందుముగాని, నిజముగా జరుగునది నకలు తీయుట. పంపిన యంత్రములో ఒక్క బిట్టైనను తరుగదు. దీపమునుండి దీపమును వెలిగించినప్పుడు మొదటి దీపము ఆరనట్లే, ఆట ఇచ్చినవాని వద్దను ఉండును, పుచ్చుకొన్నవాని వద్దను ఉండును. పాఠము చెప్పుట విషయమున ఇది గొప్ప గుణము. ఆటను తయారుచేసి అమ్ముకొని జీవించువారికి మాత్రము ఇది ప్రమాదము. ఒకడు కొని వేయిమందికి ఇచ్చినచో రెండవవాడు కొనడు. కావున డిజిటల్ ఆటను ఎరవిచ్చుటకు, హారము విషయమున ప్రకృతియే ఉచితముగా చేసిపెట్టిన పనిని యంత్రములచేత చేయింపవలెను. అనగా ఇచ్చినవాని వద్ద 'లేకుండుట'ను కల్పింపవలెను.

తాళము, టిక్కెట్టు, ముద్ర

ఇందుకు మొదటి మెట్టు ఆటకు తాళము వేయుట. బిట్ల వరుసను గణితసూత్రము ననుసరించి కలగాపులగము చేసి గూఢలిపిగా మార్చుదురు. దానిని విప్పు తాళపుచెవి ఒక సంఖ్య. గిగాబైట్ల కొలది ఉన్న ఈ మూట కొన్నవారందరికిని ఒక్కటే. కొన్నవానికి ప్రత్యేకముగా అందునది కొన్ని వందల బైట్ల చిన్న పత్రము. దీనిని టిక్కెట్టు అందురు. తాళపుచెవియు, ఏ ఆటకు ఎవరికి అనుమతి అను వివరములును అందే ఉండును.

టిక్కెట్టుకు కూడ నకలు తీయవచ్చును గదా? దానికి విరుగుడు కలదు. ప్రతి యంత్రముయొక్క చిప్పులో ఆ యంత్రమునకు మాత్రమే చెందిన రహస్యసంఖ్య నొకదానిని కర్మాగారములోనే పొదుగవచ్చును. టిక్కెట్టులోని తాళపుచెవిని ఆ సంఖ్యతో మాత్రమే తెరువబడునట్లు మరల బిగించినచో, ఆ టిక్కెట్టు వేరొక యంత్రములో పనికిరాదు.

ఇక టిక్కెట్టును దొంగగా సృష్టింపకుండుటకు దానిపై డిజిటల్ సంతకము ఉండును. రివెస్ట్, షమీర్, ఏడిల్‌మన్ అను మువ్వురు 1977లో కనిపెట్టిన ఆర్.ఎస్.ఏ. పద్ధతి ఇట్టి సంతకములకు ప్రసిద్ధము. ఇందు జంట సంఖ్యలుండును. ఒకదానితో ముద్ర వేయవచ్చును. రెండవదానితో ముద్ర నిజమైనదో కాదో పరీక్షింపవచ్చును. ముద్ర వేయు సంఖ్య సంస్థ వద్ద రహస్యముగా ఉండును. పరీక్షించు సంఖ్య ప్రతి యంత్రములోను ఉండును. ముద్రను పరీక్షింపగలిగినంతమాత్రమున ముద్ర వేయుట చేతకాదు. టిక్కెట్టులో ఒక్క బిట్టు మార్చినను పరీక్షలో బయటపడును.

దీనినిబట్టి తేలునది ఏమన, చేతులు మారవలసినది ఆట కాదు, టిక్కెట్టు.

ఇంటి యంత్రము

2013 నవంబరులో సోనీవారి ప్లేస్టేషన్ 4, మైక్రోసాఫ్ట్‌వారి ఎక్స్‌బాక్స్ వన్ అను యంత్రములు వెలువడినవి. వీనిలో పంపకమునకు ఒక సులభమైన పద్ధతి ఏర్పడినది. ఖాతాదారు ఒక యంత్రమును తన 'ఇంటి యంత్రము'గా పేర్కొనును. ఆ యంత్రముపై ఇంటిలోని వారెవరైనను అతడు కొన్న ఆటలను ఆడవచ్చును. ఇంటర్నెట్ లేకున్నను సరే. ఇతర యంత్రములపై మాత్రము అతడే తన ఖాతాతో ప్రవేశింపవలెను. హక్కు ఉన్నదా లేదా అని యంత్రము సర్వరును అడిగి తెలిసికొనును. 2020లో వచ్చిన ప్లేస్టేషన్ 5లోను ఇదే పద్ధతి వేరు పేరుతో కొనసాగినది. ఇంటి యంత్రమును దినమున కొకటి చొప్పున మార్చుచు ఊరంతటికిని ఆటలు పంచకుండుటకై ఎక్స్‌బాక్స్‌లో సంవత్సరమునకు ఐదుసార్లు మాత్రమే మార్పు అనుమతింతురు.

అన్న చదువుకై హాస్టలుకు పోయెననుకొందము. ఇంటనున్న యంత్రమును అతడు ఇంటి యంత్రముగా నిలిపినచో చెల్లెలు అక్కడ నిరాటంకముగా ఆడుకొనును. అతడు హాస్టలులోని రెండవ యంత్రముపై తన ఖాతాతో ఆడుకొనును. కాని హాస్టలులో ఇంటర్నెట్ ఆగినచో ఆగునది చెల్లెలి ఆట కాదు. సొమ్ము పెట్టి కొన్న అన్న ఆట!

సర్వరు నడుగు ఈ పద్ధతిపై 2013లో పెద్ద వివాదము చెలరేగినది. ఎక్స్‌బాక్స్ వన్ 24 గంటలకొకసారి ఇంటర్నెట్ ద్వారా సర్వరుతో సంప్రదింపవలెననియు, డిస్కులను చేతులు మార్చుటపై నిబంధనలుండుననియు మైక్రోసాఫ్ట్ మొదట ప్రకటించెను. అందుకు బదులుగా కుటుంబములో పదిమంది వరకు ఆటలను పంచుకొను సౌకర్యము కలిగింతుమనెను. ప్రజలు తీవ్రముగా నిరసించిరి. జూన్ 19న సంస్థ ఆ నిబంధనలను ఉపసంహరించుకొనెను. వానితోపాటు పదిమంది పంపకమును కూడ విడిచిపెట్టెను. డిజిటల్ వస్తువును పంచుకొనుటయు, ఎవరో ఒకరు లెక్క చూచుటయు జంటగా నడచునవని ఈ ఉదంతము తెలుపుచున్నది.

పదునాలుగు దినముల గడువు

2025 ఏప్రిల్ చివర నింటెండో తన స్విచ్ యంత్రములకు 'వర్చువల్ గేమ్ కార్డ్' అను పద్ధతిని ప్రవేశపెట్టినది. పేకముక్కలతో ఆరంభమైన సంస్థ, లేని కార్డును ఉన్నట్లు భావించుకొనుమని చెప్పుట వింతగానున్నను, ఊహ మాత్రము సులభముగా బోధపడును. డిజిటల్ ఆటను కార్డువలె ఒక యంత్రములో 'ఎక్కింపవచ్చును', దానినుండి 'దింపి' రెండవ యంత్రములో ఎక్కింపవచ్చును. ఒక ఖాతాదారు ఇట్లు రెండు యంత్రములను వాడుకొనవచ్చును.

కుటుంబబృందములో ఎనిమిది ఖాతాల వరకు చేరవచ్చును. బృందములోని వారికి కార్డును పదునాలుగు దినములు ఎరవీయవచ్చును. ఇచ్చునప్పుడు రెండు యంత్రములును దగ్గరగానుండి రేడియో తరంగములతో మాటాడుకొనవలెను. ఎరవు పోయినన్నాళ్లు సొంతదారు ఆ ఆట ఆడజాలడు. గడువు తీరగానే కార్డు దానంతట అదియే అతనికి తిరిగివచ్చును. పుచ్చుకొన్నవాడు ఎంతవరకు ఆడెనో ఆ వివరము మాత్రము అతని యంత్రములోనే నిలిచియుండును. పుస్తకము తిరిగిపోయినను పుటగుర్తు మిగిలినట్లన్నమాట.

ఈ గడువు ఏల? సొంతదారు ఎప్పుడు అడిగిన అప్పుడే తిరిగి తెప్పింపరాదా? ఇందు ఒక లోతైన చిక్కు ఉన్నది. ఆట పుచ్చుకొన్నవాని యంత్రము ఇంటర్నెట్ లేని పల్లెలో ఉన్నదనుకొందము. సర్వరు 'తిరిగి ఇమ్ము' అని సందేశము పంపును, జవాబు రాదు. యంత్రము ఆగిపోయినదా, లేక ఇంకను ఆట సాగుచున్నదా? దూరమునుండి తెలిసికొను ఉపాయము లేదు. జవాబు రాకముందే సొంతదారునకు హక్కు ఇచ్చినచో ఒకే ఆట రెండుచోట్ల ఆడబడవచ్చును. జవాబుకై వేచియున్నచో, ఆ యంత్రము నూతిలో పడియున్న యెడల సొంతదారునకు ఆట ఎన్నటికిని దక్కదు.

ఇట్టి చిక్కే కంప్యూటర్లు ఫైళ్లను పంచుకొనునప్పుడు కూడ కలదు. స్టాన్‌ఫర్డ్ విశ్వవిద్యాలయమునకు చెందిన కేరీ గ్రే, డేవిడ్ చెరిటన్ అనువారు 1989లో దీనికి 'కౌలు' అను పరిష్కారమును సూచించిరి. హక్కును ఇచ్చునప్పుడే గడువు వ్రాసి ఇయ్యవలెను. గడువు ముగియగానే పుచ్చుకొన్న యంత్రము ఎవరి ఆజ్ఞయు లేకుండ తనంతట తానే ఆగవలెను. ఇచ్చినవారు కూడ ఎవరి జవాబుకును ఎదురుచూడక హక్కును తిరిగి చేపట్టవచ్చును. తిరిగి ఇచ్చుటకు సందేశమే అక్కరలేదు. పదునాలుగు దినముల ఎరవులో కనబడునది ఈ సూత్రమే. ఇందు ఒక్కటే నియమము: ఇరువురి గడియారములును ఏకీభవింపవలెను. ఆడువాడు తన గడియారమును వెనుకకు త్రిప్పినచో గడువు ఎన్నటికిని తీరదు గనుక, వాడుకరి మార్చజాలని కాలమానము యంత్రమునకు ఉండవలెను.

ఆటను పంపక ఆడించుట

మరియొక మార్గము కలదు. ఆటను గాని టిక్కెట్టును గాని పంపకుండ, బొమ్మను మాత్రమే పంపుట. ఆట సొంతదారు యంత్రముపైననే నడచును. తెరపై కనబడు దృశ్యము మిత్రునకు పోవును. మిత్రుడు నొక్కిన బొత్తాముల వార్త తిరిగివచ్చును. 2014 అక్టోబరులో ప్లేస్టేషన్ 4కు చేర్చబడిన 'షేర్ ప్లే' ఇట్టిది. ఒక్కొక్క పర్యాయము ఒక గంట సాగును. 2025 జూన్ 5న వెలువడిన స్విచ్ 2లో 'గేమ్‌షేర్' అను పేరుతో, తయారీదారు అనుమతించిన ఆటలను, దగ్గరనున్నవారితో కలిసి నలుగురు వరకు ఒకే ఆటప్రతితో ఆడవచ్చును.

ఇచ్చట నకలు బెడద లేదు. చిక్కంతయు కాలముతోనే. సెకనుకు 60 చిత్రములు చూపు ఆటలో ఒక్కొక్క చిత్రమునకు దక్కు వ్యవధి సుమారు 17 మిల్లీసెకన్లు. గాజుతంతులో కాంతి సెకనుకు రమారమి రెండులక్షల కిలోమీటర్లు పోవును. వేయి కిలోమీటర్ల దూరమునకు పోయి వచ్చుటకే 10 మిల్లీసెకన్లు పట్టును. చిత్రమును కుదించుట, విప్పుట, నడుమనున్న యంత్రములలో ఆగుట దీనికి అదనము. అందుచేతనే బొత్తాము నొక్కిన కొంతసేపటికిగాని తెరపై బొమ్మ కదలదు. ఒకే గదిలోనివారికి ఈ బాధ తక్కువ.

కొన్నది వస్తువా, అనుమతియా?

1908లో అమెరికా సుప్రీంకోర్టు ఒక తీర్పు చెప్పినది. ఒక ప్రకాశకుడు తన నవలను ఒక డాలరుకు తక్కువ అమ్మరాదని పుస్తకములోనే అచ్చువేయించెను. ఒక దుకాణము 89 సెంట్లకు అమ్మినది. ఒకసారి అమ్మిన ప్రతిపై కాపీహక్కుదారునకు అట్టి అధికారము ఉండదని కోర్టు తేల్చినది. పాతపుస్తకముల అంగళ్లకు ఆ దేశమున ఈ సూత్రమే అండ.

డిజిటల్ వస్తువులకు ఈ సూత్రము చెల్లునా? పాటల ఫైళ్లను తిరిగి అమ్మించుటకు పూనుకొన్న రెడిజీ అను సంస్థ వ్యాజ్యములో, ఫైలును బదిలీ చేయుటయనగా క్రొత్త నకలు తీయుటయేనని, కనుక చెల్లదని అమెరికాలోని అప్పీలు కోర్టు 2018లో నిర్ణయించినది. బిట్లు తరుగవను పైన చెప్పిన సంగతియే న్యాయస్థానమున కీలకమైనది. ఫ్రాన్సులో స్టీమ్ అను డిజిటల్ దుకాణమున కొన్న ఆటలను తిరిగి అమ్ముకొనవచ్చునని పారిస్ కోర్టు 2019లో అన్నది. 2022లో అప్పీలు కోర్టు ఆ తీర్పును కొట్టివేసినది. 2024లో అత్యున్నత న్యాయస్థానము దానినే సమర్థించినది. డిజిటల్ వస్తువును అమ్మునప్పుడు అది యాజమాన్యము కాదు, అనుమతి మాత్రమేనని కొనువానికి స్పష్టముగా చెప్పవలెనను చట్టము కాలిఫోర్నియాలో 2025 జనవరి 1నుండి అమలులోనికి వచ్చినది.

విద్యార్థులు ఒక జాగ్రత్త పాటింపవలెను. కుటుంబములో పంచుకొనుటకు సంస్థలే ఏర్పరచిన మార్గములు వేరు. ముఖపరిచయము లేనివారికి ఖాతా పాస్‌వర్డు నిచ్చుట వేరు. పాస్‌వర్డు పోయినచో అన్నాళ్లు కొన్న ఆటలన్నియు, ఖాతాకు కట్టియున్న సొమ్ముదారియు పరులపాలగును. స్టీమ్‌లో 2024 సెప్టెంబరునుండి ఆరుగురు కుటుంబసభ్యులు ఆటలను పంచుకొనవచ్చునుగాని, ఎరవు తెచ్చుకొన్నవాడు ఆటలో మోసము చేసి నిషేధమునకు గురియైనచో సొంతదారునకు కూడ ఆ ఆటలో నిషేధము తగులవచ్చును.

హారమును ఎరవిచ్చు ఇల్లాలు గడువును తానే నిర్ణయించును, ఎవరికి ఇయ్యవలెనో తానే ఎంచుకొనును. డిజిటల్ ఆటను ఎరవిచ్చువాడు ఆ రెంటిని సంస్థ వ్రాసిన నిబంధనలలో వెదకుకొనవలెను. పదునాలుగు దినములు అను సంఖ్యను గణితము నిర్ణయింపలేదు. గడువు ఉండవలెనని మాత్రమే గణితము చెప్పినది. అది ఏడు దినములు కావచ్చును, ముప్పది కావచ్చును. ఏది శాస్త్రము విధించిన అవసరమో, ఏది అమ్మువాడు విధించిన నిబంధనయో వేరుచేసి చూడనేర్చినవాడు ఆట కొనుటకు ముందే తాను కొనుచున్నది ఏమో తెలిసికొనగలడు.