గడువు దాటిన ఓటీఎస్‌ను కోర్టు బతికించగలదా?

గృహరుణం వాయిదా తొంభై రోజులకు మించి బాకీ పడితే బ్యాంకు ఆ రుణాన్ని నిరర్థక ఆస్తిగా, అంటే తనకు రాబడి ఇవ్వని బాకీగా, లెక్కకడుతుంది. ఆ దశలో వడ్డీలో కొంత, ఒక్కోసారి అసలులోనూ కొంత వదులుకుని, మిగిలినదాన్ని ఫలానా తేదీలోగా కట్టించుకునే ఏర్పాటే ఏకకాల పరిష్కారం. జనం నోట అది ఓటీఎస్. ఉస్మానియా విశ్వవిద్యాలయ ప్రాంగణాన్ని ఆనుకుని ఉన్న తార్నాకలో ఫ్లాటు కొనుక్కున్న ఒక ఉద్యోగి, పదవీ విరమణ సొమ్మును నమ్ముకునో ఊళ్లో పొలం అమ్మకాన్ని నమ్ముకునో అలాంటి ఒప్పందానికి వచ్చారనీ, ఆ సొమ్ము నెల ఆలస్యంగా చేతికందిందనీ అనుకుంటే, చిక్కంతా అక్కడే మొదలవుతుంది.

బ్యాంకు ఇచ్చే మంజూరు లేఖలో కట్టాల్సిన మొత్తం, ముందుగా జమ చేయాల్సిన భాగం, మిగతా వాయిదాల తేదీలు ఉంటాయి. వాటి కింద, గడువు తప్పితే రాయితీ రద్దవుతుందనీ, అప్పటిదాకా కట్టినది పాత బాకీకే జమవుతుందనీ చెప్పే షరతు సాధారణంగా కనిపిస్తుంది. రుణగ్రహీతలు కట్టాల్సిన మొత్తాన్ని చదివినంత శ్రద్ధగా ఈ షరతును చదవరు.

గడువు దాటాక హైకోర్టులో రిట్ వేస్తే పొడిగింపు దొరుకుతుందన్న నమ్మకానికి ఒకప్పుడు ఆధారం లేకపోలేదు. రాజ్యాంగం 226వ అధికరణ కింద తగిన సందర్భాల్లో గడువు పెంచవచ్చని పంజాబ్–హర్యానా హైకోర్టు 2020లో తీర్పు ఇచ్చి, ఆ దారిలోనే అర్వింద్రా ఎలక్ట్రానిక్స్ అనే సంస్థకు అదనపు సమయం ఇచ్చింది. రుణమిచ్చిన స్టేట్ బ్యాంకు అప్పీలుపై 2022 నవంబరు 4న సుప్రీంకోర్టు ఆ ఉత్తర్వును కొట్టివేస్తూ, గడువు పెంచడమంటే ఒప్పందాన్ని తిరగరాయడమేననీ, ఆ మార్పు ఇరుపక్షాల సమ్మతితోనే జరగాలనీ తేల్చింది. ఉస్మానియా న్యాయ కళాశాలలో తొలి ఏడాది విద్యార్థులు చదివే 1872 నాటి కాంట్రాక్టు చట్టం 62వ సెక్షన్ సారం కూడా ఇదే. ఓటీఎస్‌ను హక్కుగా కోరలేరనీ, దాన్ని ఇవ్వాలని బ్యాంకును ఆదేశించే మాండమస్ రిట్ జారీ చేయరాదనీ బిజ్నోర్ అర్బన్ కోఆపరేటివ్ బ్యాంకు కేసులో 2021 డిసెంబరు 15న అదే కోర్టు అంతకుముందే చెప్పింది. కఠినమే అయినా ఈ వాదనలో తర్కదోషం వెతకడం కష్టం.

రాయితీ ఇచ్చినవారే గడువు పెంచడానికి మాత్రం అడ్డేమీ లేదు. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 2021 డిసెంబరు 21న తణుకులో ప్రారంభించిన జగనన్న సంపూర్ణ గృహ హక్కు పథకంలో, గృహనిర్మాణ సంస్థ పాత రుణాలకు గ్రామాల్లో రూ.10,000, మున్సిపాలిటీల్లో రూ.15,000, నగరపాలక సంస్థల్లో రూ.20,000 కడితే మిగతా బాకీ మాఫీ అయ్యేది. దాని గడువును పొడిగించింది ప్రభుత్వమే. బ్యాంకు రుణంలోనూ దారి ఇదే కనుక, తేదీ దాటకముందే కారణం చూపి, వీలైనంత సొమ్ము జమచేసి, రాతపూర్వకంగా పొడిగింపు కోరి, అందినట్టు రసీదు తీసుకున్నవారి మాటకే బ్యాంకు దగ్గర కొంతైనా బరువుంటుంది.

ఓటీఎస్ పోయినా చట్టం ఇచ్చే రక్షణ పోదు, కాకపోతే దానికీ గడువులున్నాయి. తాకట్టు ఆస్తి ద్వారా బాకీ వసూలుకు వీలిచ్చే 2002 నాటి సర్ఫేసీ చట్టం ప్రకారం బ్యాంకు ముందుగా అరవై రోజుల నోటీసు ఇవ్వాలి. ఆపై ఇల్లు స్వాధీనం చేసుకుంటే, ఆ చర్యపై నలభై ఐదు రోజుల్లో రుణ వసూళ్ల ట్రిబ్యునల్‌ను ఆశ్రయించవచ్చు. స్వాధీన నోటీసును తలుపుకు అంటించి, రెండు పత్రికల్లో ప్రచురిస్తారు, వాటిలో ఒకటి స్థానిక భాషా పత్రిక. మొత్తం బాకీ కట్టి ఇల్లు విడిపించుకునే హక్కు 2016 సవరణ తర్వాత వేలం ప్రకటన వెలువడే దాకానే నిలుస్తుంది. కొంత సొమ్ము ఫలానా తేదీలోగా కట్టాలన్న షరతుతో ట్రిబ్యునల్‌లో స్టే దొరికినా, ఆ తేదీ తప్పితే స్టే నిలవదు. హైదరాబాద్ ట్రిబ్యునల్‌లో ఓడిపోతే అప్పీలు కోల్‌కతాలోని అప్పీలు ట్రిబ్యునల్‌కు వెళ్లాలి, అక్కడ విచారణకు ముందే బాకీలో సగం జమచేయాలి. అప్పీలు ట్రిబ్యునల్ కనికరించినా అది పావు వంతు కంటే తగ్గదు.