టామ్ ఆఫ్ ఫిన్లాండ్: శృంగార రేఖాచిత్రం, చట్టం, గౌరవం

గత యూనిట్‌లో ప్రకటనల చిత్రకళ గురించి చదివారు. ఒక ప్రకటనల చిత్రకారుడు పగలు ఉద్యోగం చేసి, రాత్రిళ్లు రహస్యంగా గీసిన బొమ్మల కథ ఈ యూనిట్‌లో చూద్దాం. ఆయన అసలు పేరు టౌకో లాక్సోనెన్. ప్రపంచానికి తెలిసిన పేరు టామ్ ఆఫ్ ఫిన్లాండ్. పురుషుల మధ్య ప్రేమను, కోరికను దాపరికం లేకుండా పెన్సిల్‌తో గీసినవాడు. ఆ బొమ్మలు ఈ పుస్తకంలో అచ్చువేయలేదు. కాబట్టి ఇంట్లో పెద్దల ఎదుట ఈ పాఠం చదవడానికి మీరు జంకవలసిన పని లేదు. మనకు ఇక్కడ ముఖ్యమైనది ఆ బొమ్మలు చట్టాన్ని, సమాజాన్ని ఎలా ఎదుర్కొన్నాయనేదే.

ముందుగా ఒక్క మాట. మన పత్రికలు ఎక్కువగా 'స్వలింగ సంపర్కులు' అని రాస్తాయి. ఆ మాట మనిషిని పక్కనపెట్టి అతని పడకగదిని ముందుకు తెస్తుంది. ఈ పాఠంలో 'స్వలింగ ప్రేమ' అనీ, పురుషుల విషయంలో 'గే' అనీ వాడుతున్నాం. మీ జవాబు పత్రాల్లోనూ అవే వాడండి. హిజ్రాల, ట్రాన్స్‌జెండర్ల విషయం వేరు. దాన్ని దీనితో కలిపి రాయకండి.

3.1 జీవితం

లాక్సోనెన్ 1920 మే 8న ఫిన్లాండ్ నైరుతి మూలన, తుర్కు పట్టణానికి దగ్గర్లోని కారినాలో పుట్టాడు. తల్లిదండ్రులిద్దరూ బడిపంతుళ్లు. ఇంట్లో సంగీతం, సాహిత్యం ఉన్నాయి. ఇంటి చుట్టూ పొలం పనివాళ్లు, అడవిలో మాన్లు కొట్టేవాళ్లు. పిల్లవాడి కళ్లు ఈ రెండో లోకం మీదే నిలిచాయి. 1939లో ప్రకటనల కళ చదవడానికి హెల్సింకీ వెళ్లాడు. అంతలోనే యుద్ధం వచ్చింది. 1940లో సైన్యంలోకి తీసుకున్నారు. విమాన విధ్వంసక దళంలో అధికారిగా పనిచేశాడు. దీపాలార్పిన ఆ యుద్ధకాలపు నగరంలోనే, యూనిఫాం వేసుకున్న మగవాళ్ల మధ్య, తన కోరిక ఏమిటో అతనికి స్పష్టమైంది.

యుద్ధం తరువాత సిబేలియస్ అకాడమీలో పియానో నేర్చుకున్నాడు, ప్రకటనల పని చేశాడు. తర్వాత మెకాన్ ఎరిక్సన్ సంస్థ హెల్సింకీ శాఖలో ఆర్ట్ డైరెక్టర్ అయ్యాడు. 1953లో వేలీ మాకినెన్ అనే నర్తకుడు పరిచయమయ్యాడు. 1981లో మాకినెన్ చనిపోయేదాకా, 28 ఏళ్లు, ఇద్దరూ కలిసి జీవించారు. ఆ ఇరవై ఎనిమిదేళ్లలో మొదటి పద్దెనిమిదేళ్లు వాళ్ల కాపురం చట్టం దృష్టిలో నేరం. ఫిన్లాండ్ శిక్షాస్మృతి 1894 నుంచి 1971 వరకు స్వలింగ ప్రేమను, స్త్రీలదైనా పురుషులదైనా, శిక్షించింది. నేరం తొలగించిన ఏడాదే, దాన్ని 'ప్రోత్సహించడం' మీద కొత్త నిషేధం పెట్టారు. అది 1999 దాకా ఉంది. చట్టం ఒక చేత్తో ఇచ్చి మరో చేత్తో పట్టుకోవడం అంటే ఇదే.

3.2 పోస్టులో ప్రయాణించిన బొమ్మలు

మీకు ఈ పాఠం పోస్టులో చేరింది. లాక్సోనెన్ బొమ్మలు కూడా అలాగే లోకానికి చేరాయి. 1956లో అమెరికాలోని లాస్ ఏంజిలిస్‌కు, బాబ్ మైజర్ నడిపే 'ఫిజిక్ పిక్టోరియల్' పత్రికకు, కొన్ని బొమ్మలు పంపాడు. అసలు పేరు పెట్టడానికి వీల్లేదు కనుక 'టామ్' అని సంతకం చేశాడు. 1957 వసంతకాలపు సంచిక ముఖచిత్రం మీద నదిలో దుంగలు నడిపే ఫిన్లాండ్ కూలీల బొమ్మ వచ్చింది. 'టామ్' పక్కన 'ఆఫ్ ఫిన్లాండ్' చేర్చింది సంపాదకుడే.

ఆ పత్రిక పైకి వ్యాయామ పత్రిక. కండలు పెంచడం గురించి అన్నట్టు ఉంటుంది. కొనేవాళ్లకు, అమ్మేవాళ్లకు సంగతి తెలుసు, పోస్టాఫీసు వాళ్లకూ తెలుసు. అశ్లీల సామగ్రి పోస్టులో పంపడం అమెరికాలో నేరం. మన 1898 నాటి పోస్టాఫీసు చట్టం 20వ సెక్షన్ కూడా అదే చెప్పింది. 1962లో 'మాన్యువల్ ఎంటర్‌ప్రైజెస్ వర్సెస్ డే' కేసులో అమెరికా సుప్రీంకోర్టు ఇలాంటి పత్రికలను అశ్లీలమని చెప్పలేమని, పోస్టులో పంపకుండా ఆపకూడదని తీర్పిచ్చింది. ఆ తీర్పు తరువాతే ఈ చిత్రకారులు క్రమంగా ముసుగు తీయగలిగారు. 1968 నుంచి లాక్సోనెన్ 'కాకే' అనే పాత్రతో బొమ్మల కథల పుస్తకాలు వేయడం మొదలుపెట్టాడు.

కానీ డబ్బు రాలేదు. దొంగ ముద్రణలు ఎక్కడపడితే అక్కడ అమ్ముడయ్యేవి. అసలు పేరు చెప్పుకోలేనివాడు తన హక్కు కోసం ఎవరి గడప తొక్కుతాడు? 1973లో ఉద్యోగం మానేసి పూర్తిగా చిత్రకళకే కట్టుబడ్డాడు. అదే ఏడాది జర్మనీలోని హాంబుర్గ్‌లో మొదటి ప్రదర్శన పెడితే, ఒక్క బొమ్మ తప్ప అన్నీ దొంగలెత్తుకుపోయారు. 1979లో డర్క్ డెనర్ అనే మిత్రుడితో కలిసి కంపెనీ పెట్టాకే సొంత బొమ్మల మీద కాస్త పట్టు దొరికింది. 1984లో ఇద్దరూ కలిసి లాస్ ఏంజిలిస్‌లో ఫౌండేషన్ స్థాపించారు.

3.3 ఆ గీతలో కొత్తదనం ఏమిటి?

అంతకుముందు కథల్లో, నాటకాల్లో గే పాత్ర వస్తే అతను నవ్వులపాలయ్యేవాడో, ఏడ్చేవాడో, చివర చచ్చిపోయేవాడో. టామ్ బొమ్మల్లో మగవాళ్లు నవ్వుతూ ఉంటారు. కూలీ, నావికుడు, పోలీసు, మోటార్ సైకిల్ మీద తోలు జాకెట్టు వేసుకున్నవాడు, ఎవరి ముఖంలోనూ తప్పు చేసిన భావం ఉండదు. ప్రకటనల పని నేర్పిన నైపుణ్యమంతా ఇక్కడ పనికొచ్చింది. తోలు మీద వెలుగు మెరుపు, బట్ట ముడత, కండరం నీడ, అన్నీ పెన్సిల్ పొడితోనే. సబ్బు మీద, కారు మీద ఆశ పుట్టించడం తెలిసిన చెయ్యి, సిగ్గుపడమని చెప్పిన కోరిక మీద గౌరవం పుట్టించింది.

దీని మీద విమర్శ తక్కువేమీ కాదు. అందరూ ఒకే మూసలో పోసిన కండల వీరులు. సన్నగా, పొట్టిగా, ముసలిగా ఉన్నవాడికి ఆ లోకంలో చోటు లేదు. స్త్రీలు దాదాపు కనపడరు. తొలి బొమ్మల్లో కొన్నింట నాజీ యూనిఫాంలున్నాయి. నాజీ సిద్ధాంతం తనకు అసహ్యమని, యూనిఫాం అందం మాత్రమే తనను ఆకర్షించిందని ఆయన చెప్పుకున్నాడు. ఆ సమాధానం సరిపోదని నా అభిప్రాయం. యూనిఫాంను అది చేసిన పనుల నుంచి అంత సులువుగా విడదీయలేం. అయినా ఆ బొమ్మలు చూపి మిగతా కృషినంతా కొట్టిపారేయడం కూడా సోమరి విమర్శే.

3.4 మన దగ్గర

ఇదంతా ఎక్కడో మంచుదేశపు గొడవ అనుకోకండి. 18వ శతాబ్దంలో తంజావూరులో ముద్దుపళని రాసిన 'రాధికా సాంత్వనము'ను బెంగళూరు నాగరత్నమ్మ 1910లో పరిష్కరించి ప్రచురిస్తే, మరుసటి ఏడాదే అశ్లీలమని ప్రభుత్వం నిషేధించింది. 1947లో నిషేధం పోయింది. 1952లో వావిళ్ల వారు మళ్లీ అచ్చువేశారు. మన పూర్వులు చదువుకున్న శృంగారాన్ని పరాయి ప్రభుత్వం పెట్టిన కొలత మనకే తప్పుగా చూపించింది.

చిత్రకళలో మన జిల్లాలకు దగ్గరి ఉదాహరణ కె. లక్ష్మాగౌడ్. 1940లో మెదక్ ప్రాంతపు నిజాంపూర్‌లో పుట్టి, హైదరాబాదులోను, 1963-65 మధ్య బరోడాలోను చదువుకున్నాడు. ఆయన తొలి ఎచింగుల్లో పల్లె స్త్రీపురుషులు, మేకలు, చెట్లు అన్నీ ఒకే కామశక్తితో ఊగుతుంటాయి. ఆయన గీసింది స్త్రీపురుషుల లోకమే. కానీ కూలీనాలీ చేసే దేహం శృంగార చిత్రానికి అర్హమైనదన్న నమ్మకం టామ్‌కూ ఆయనకూ ఉమ్మడి. కోనరావుపేట ఊళ్లలో తాటిచెట్టు ఎక్కే గౌడన్నను, సిరిసిల్లలో సాంచెల మీద రాత్రంతా నిలబడే కార్మికుణ్ణి చూసినవాళ్లకు ఈ మాట వివరించనక్కరలేదు. ఆ దశకంలోనే బరోడా చేరిన భూపేన్ ఖాఖర్ చార్టర్డ్ అకౌంటెంటు. తాను గే అన్న సంగతిని 1981 నాటి 'యూ కాంట్ ప్లీజ్ ఆల్' వంటి చిత్రాల్లో బాహాటంగా చెప్పుకున్నాడు. అప్పటికి మన దేశంలో 377వ సెక్షన్ బతికే ఉంది.

ఆ సెక్షన్ ప్రయాణం గుర్తుంచుకోండి. 2009లో ఢిల్లీ హైకోర్టు పరస్పర సమ్మతితో వయోజనుల మధ్య జరిగేది నేరం కాదంది. 2013లో సుప్రీంకోర్టు ఆ తీర్పును కొట్టేసింది. 2018 సెప్టెంబరు 6న నవ్‌తేజ్ సింగ్ జోహార్ కేసులో అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం మళ్లీ నేరం కాదని తేల్చింది. అశ్లీలత చట్టం మాత్రం వేరు. పాత 292వ సెక్షన్ ఇప్పుడు భారతీయ న్యాయ సంహితలో 294గా ఉంది. ప్రేమ నేరం కాకపోయినా దాని బొమ్మ నేరం కావచ్చు. ఈ తేడా పరీక్షలో చాలామంది మరచిపోతారు.

ఒక స్టడీ సెంటర్‌లో కాంటాక్ట్ క్లాసు అయ్యాక ఒక విద్యార్థి అందరూ వెళ్లేదాకా ఆగి, "సార్, ఇది రోగమా?" అని అడిగాడు. ఎవరి గురించని నేను అడగలేదు. అతనికి చెప్పిందే మీకూ చెబుతున్నాను. కాదు. ఫిన్లాండ్ 1981లో, ప్రపంచ ఆరోగ్య సంస్థ 1990లో దీన్ని రోగాల జాబితా నుంచి తీసేశాయి. 'మార్చేస్తాం' అని చికిత్స చేసే డాక్టర్ల పని వృత్తిపరమైన దుష్ప్రవర్తన అని మన జాతీయ వైద్య కమిషన్ 2022లో ప్రకటించింది. ఎవరైనా అలా డబ్బు అడిగితే ఇవ్వకండి.

3.5 తరువాత

ఎయిడ్స్ మిత్రులను వరుసగా తీసుకుపోతున్న రోజుల్లో లాక్సోనెన్ తన బొమ్మల్లో కండోమ్‌ను చేర్చాడు. చివరి ఏళ్లలో ఊపిరితిత్తుల జబ్బుతో చేతులు వణికి, సన్నని పెన్సిల్ గీత సాధ్యం కాక పాస్టెల్ పట్టుకున్నాడు. 1991 నవంబరు 7న మరణించాడు. ఇప్పుడు ఆయన చిత్రాలు న్యూయార్క్ ఆధునిక కళా మ్యూజియంలో ఉన్నాయి. 2017లో ఆయన జీవితం మీద సినిమా వచ్చింది. 2023లో హెల్సింకీలోని కియాస్మా మ్యూజియం పెద్ద ప్రదర్శన పెట్టింది. 2014లో ఫిన్లాండ్ తపాలా సంస్థ ఆయన బొమ్మలతో స్టాంపులే వేసింది. ఒకప్పుడు కవరులో దాచి పంపిన గీత కవరు పైకెక్కింది.

అభ్యాసం: 1911 నాటి 'రాధికా సాంత్వనము' నిషేధాన్ని, 1962 నాటి అమెరికా తీర్పును పోల్చుతూ రెండు పేజీలు రాయండి. అశ్లీలమని నిర్ణయించే అధికారం ఆ రెండు సందర్భాల్లో ఎవరి చేతిలో ఉందో గుర్తించండి. మీ అభిప్రాయం నా అభిప్రాయానికి ఎదురైనా మార్కులు తగ్గవు, కారణాలు చూపిస్తే చాలు.