వార్తల్లో పదం: ఆర్‌పీఎల్

ఏ శిక్షణ కేంద్రం గడపా తొక్కకుండా, మేస్త్రి వెంట తిరిగి పని పట్టుబడిన కార్మికుడి పనితనాన్ని పరీక్షించి సర్టిఫికెట్ ఇవ్వడమే ఆర్‌పీఎల్. పూర్తి పేరు రికగ్నిషన్ ఆఫ్ ప్రయర్ లెర్నింగ్. 2015లో మొదలైన ప్రధానమంత్రి కౌశల్ వికాస్ యోజనలో ఇదో భాగం. ముందు కొద్ది గంటల శిక్షణ, తర్వాత పరీక్ష.

ఉన్న పనికి ముద్ర వేయడం తేలికే. కొత్త పని నేర్పడమే అసలు పరీక్ష. హైదరాబాద్‌లో లేస్తున్న టవర్లలో మైవాన్ షట్టరింగ్ చూడండి: అల్యూమినియం పలకలను పిన్నులు, వెడ్జిలతో బిగించి గోడలకూ స్లాబుకూ కలిపి ఒకేసారి కాంక్రీటు పోస్తారు. తూకపు గుండు పట్టి ఇటుక పేర్చే తాపీమేస్త్రికి అక్కడ పని బాగా తగ్గిపోతుంది. అతనికి కావలసింది రీస్కిల్లింగ్. 1998లో హైదరాబాద్‌లో ఏర్పాటైన న్యాక్ (నేషనల్ అకాడమీ ఆఫ్ కన్‌స్ట్రక్షన్) లాంటి సంస్థలు నిర్మాణ పనుల్లో శిక్షణ ఇస్తున్నాయి.

చిక్కల్లా కూలి దగ్గరే. శిక్షణకు వెళ్లిన రోజు అడ్డా మీద సంపాదన పోయినట్టే. 1996 నాటి చట్టంతో నిర్మాణ వ్యయంపై మొదలైన సెస్ కార్మికుల సంక్షేమానికే వసూలవుతోంది. ఆ కూలి నష్టాన్ని అందులోంచి భర్తీ చేయమనడం న్యాయమైన కోరికే. సర్టిఫికెట్ చూసి కాంట్రాక్టరు కూలి పెంచుతాడా అంటే, పక్క సైటువాళ్లు ఎక్కువిస్తామని పిలిస్తే తప్ప అనుమానమే.