చెరలో సంతకం

నంద్యాల, ఆళ్లగడ్డ ప్రాంతాల్లో సాహిత్య విద్యార్థులతో మాట్లాడినప్పుడల్లా నాకెదురయ్యే ప్రశ్న ఒకటుంది: జైల్లో ఉన్న రచయిత ఏదో కాగితం మీద సంతకం పెట్టి బయటపడితే అతని రచనను ఎలా చదవాలి? దీనికి జవాబు వెతికేముందు, రాజ్యం అడిగే సంతకాలన్నీ ఒకటి కావని గుర్తించాలి.

మొదటిది, మాట మార్చుకోమనే సంతకం. 1975-77 ఎమర్జెన్సీలో ఇరవై సూత్రాలను సమర్థిస్తూ హామీపత్రం రాసిస్తే విడుదల అన్న ఎర ఖైదీల ముందుకు వచ్చింది. మన కర్నూలులో పుట్టిన గాడిచర్ల హరిసర్వోత్తమరావు 1908లోనే 'స్వరాజ్య' పత్రికలోని రాతకు రాజద్రోహం కింద వెల్లూరు జైలు చూశాడు. రచయిత మాటకు జనంలో విలువ ఉంది గనుకనే పాలకులు దానికి భయపడతారు, వీలైతే కొంటారు.

రెండవది, షరతు. 2021 ఫిబ్రవరిలో బొంబాయి హైకోర్టు వరవరరావుకు అనారోగ్య కారణంగా బెయిలిస్తూ, ముంబయి విడిచి వెళ్లరాదనీ, కేసు గురించి పత్రికలకు చెప్పరాదనీ ఆంక్షలు పెట్టింది. ఇది నోరు కట్టెయ్యడమే గాని నోటితో అబద్ధం పలికించడం కాదు. ఈ తేడా చూడని విమర్శ గుడ్డిది.

మూడవది, సెన్సారు. జైలు దాటే ఉత్తరం అధికారి కన్ను కూడా దాటాలి. అదే కవి 1980లలో చెరనుంచి 'సహచరులు' రాసినప్పుడు చెట్లూ పిట్టలూ ఎదురుచూపులూ వస్తువులయ్యాయి. అది లొంగుబాటు కాదు, నిర్బంధంలో మాటకు దొరికిన దారి.

మరి గీత ఎక్కడ? ఆ సంతకం వల్ల నష్టం ఎవరికి అని నేనడుగుతాను. తన స్వేచ్ఛనే కుదించుకున్నవాడు బలహీనుడు కావచ్చు. తోటివాడి పేరు చెప్పినవాడు, తోటివాడి చెర న్యాయమేనని ఒప్పుకున్నవాడు మాత్రం ద్రోహి. 1974లో మొదలైన సికింద్రాబాదు కుట్ర కేసులో కవితలే సాక్ష్యాలయ్యాయి. 1989లో కేసు కొట్టేశారు. నిందితుల్లో ఒకడైన చెరబండరాజు ఆ తీర్పు వినలేదు, 1982లోనే మరణించాడు. ఇంత మూల్యాన్ని కుర్చీలో కూర్చున్న విమర్శకుడు ఇంకొకరి నుంచి డిమాండు చెయ్యరాదు. అయితే మనిషి పట్ల సానుభూతి వేరు, రచనపై తీర్పు వేరు. విడుదలయ్యాక అతని అక్షరం ఎవరి పక్షాన నిలిచిందో చూడాలి.

చెర లేకుండానే ముఠా నాయకుడి సన్మానసంచికకు స్తుతిపద్యం రాసిచ్చే మన సీమ కవులకు ఈ కొలత మరింత కఠినంగా వర్తిస్తుంది. వాళ్లనెవరూ నిర్బంధించలేదు.