సింహాద్రిపురం సదాజపుడు

సీమ అనగానే తెల్లచొక్కా, టాటా సుమో, నాటుబాంబు. పాతికేళ్లుగా తెలుగు తెర మన కళ్లకు అలవాటు చేసిన బొమ్మ ఇది. ప్రొద్దుటూరు, జమ్మలమడుగు దాటి పులివెందుల వైపు పోతే, చీనీ తోటల నడుమ సింహాద్రిపురం ఉంది. ఆ ఊరు సినిమాకు పంపింది మాత్రం ఓ నవ్వించే మనిషిని: బి. పద్మనాభం.

1931 ఆగస్టు 20న పుట్టాడు. 1945లో ‘మాయాలోకం’తో తెరకెక్కేనాటికి ఇంకా మీసం రాలేదు. ‘పాతాళభైరవి’ (1951) విడుదలకు ఇరవై నిండలేదు. ఈసారి ఆ సినిమా చూసేటప్పుడు నేపాళ మాంత్రికుణ్ని కాసేపు వదిలేసి, పక్కనున్న శిష్యుణ్ని చూడండి. ఎస్వీ రంగారావు గొంతు పెరిగేకొద్దీ సదాజపుడనే ఆ శిష్యుడి వేషంలో పద్మనాభం కుంచించుకుపోతుంటాడు. గురువు ఎంత భయంకరుడో మనకు సగం తెలిసేది శిష్యుడి బెదురు చూసే.

ఆ సినిమా తీసిన విజయా నాగిరెడ్డిదీ పద్మనాభం పుట్టిన కడప జిల్లానే. వాళ్లన్న బి.ఎన్. రెడ్డిది పులివెందుల తాలూకా కొత్తపల్లె. మద్రాసులో తెలుగు సినిమాకు గోడలు లేపిన మేస్త్రీల్లో కడపవాళ్లున్నారు గానీ, ఆనాటి సినిమాకు సీమ మాటతో పెద్దగా పని పడలేదు. పని పడింది 1997లో, ‘ప్రేమించుకుందాం రా’లో. ఆళ్లగడ్డ దగ్గరి సిరివెళ్ల మనిషి జయప్రకాశ్ రెడ్డి నోట యాస కత్తి పట్టుకుని వచ్చింది. అద్భుతంగా పలికాడు, కాదనను. అయినా మన యాస ముందు నవ్వుతూ వచ్చుంటే బాగుండేదని నాకో కొరత.

ఎప్పుడూ ఎవరో ఒకరి పక్కన నిలబడ్డ పద్మనాభం రేఖా అండ్ మురళీ ఆర్ట్స్ పెట్టి, 1965లో ఎన్టీఆర్, సావిత్రిలతో ‘దేవత’ తీశాడు. మరుసటేడు ‘పొట్టి ప్లీడరు’. తన ఎత్తు మీద తానే వేసుకున్న జోకు! తర్వాతది ‘శ్రీశ్రీశ్రీ మర్యాద రామన్న’. 1966 డిసెంబరు 15న ఆ సినిమా పాట రికార్డింగు. సుశీల, పి.బి. శ్రీనివాస్, ఈలపాట రఘురామయ్య లాంటి ఉద్దండుల మధ్య సంగీత దర్శకుడు కోదండపాణి తెచ్చిన ఇరవై ఏళ్ల కుర్రాడొకడు మైకు ముందుకొచ్చాడు. ఎవరూ వినని గొంతు. నిర్మాత వద్దంటే అడిగేవాడు లేడు. పద్మనాభం వద్దనలేదు. ఆ కుర్రాడు ఎస్పీ బాలసుబ్రహ్మణ్యం.

1970లో వాణిశ్రీతో ‘కథానాయిక మొల్ల’కు తానే దర్శకత్వం వహించాడు. ఉత్తమ చిత్రంగా నంది వచ్చింది. కవయిత్రి మొల్లది బద్వేలు దగ్గరి గోపవరమేనని కడపవాళ్లు పట్టుబడతారు, నెల్లూరువాళ్లు ఒప్పుకోరు. ఆ పంచాయితీ ఇప్పట్లో తెగదు.

నటించి కూడబెట్టింది సినిమాలు తీసి చాలావరకు పోగొట్టుకున్నాడు. వేషాలు మాత్రం మానలేదు. 2010 ఫిబ్రవరి 20న చెన్నైలో కన్నుమూశాడు. ఇప్పటి పులివెందుల కుర్రాళ్లకు సదాజపుణ్ని టీవీలో చూపిస్తే నవ్వుతారు. ఆయన మన పక్కూరాయనేరా అంటే మాత్రం, ‘ఊరికే చెప్పొద్దునా’ అంటారు.