బజారులో మొదలయ్యే గ్యోజా పాఠం

క్యోటో నగరంలో గ్యోజా చేయడం నేర్పే వంట క్లాసుల్లో కొన్ని పొయ్యి దగ్గర మొదలు కావు. నేర్చుకోవడానికి వచ్చిన నలుగురైదుగురినీ వెంటబెట్టుకుని సెన్సే, అంటే గురువుగారు, ముందు బజారుకు దారి తీస్తారు. కూరగాయల కొట్టు ముందు ఆగి ఒక ఉల్లికాడల కట్ట చేతికిస్తారు. దాని పేరు కుజో నెగి. క్యోటోలోని కుజో అనే ప్రాంతం పేరే దానికి వచ్చింది. తెల్లటి కాడ తక్కువ, పచ్చటి ఆకు ఎక్కువ. ఆకును విరిస్తే లోపల జిగట వేళ్లకు అంటుకుంటుంది. చలి ముదిరేకొద్దీ ఆ జిగటలో తీపి పెరుగుతుంది. మరో గంటకు గ్యోజాలో పడబోయేది అదే.

గ్యోజా అంటే పల్చటి గోధుమపిండి రేకులో కూర పెట్టి, అంచు మడిచి, పెనం మీద అడుగు ఎర్రగా కాల్చి, మూతపెట్టి ఆవిరిమీద ఉడికించే తినుబండారం. మన ఊళ్లలో వీధి చివర బండ్ల మీద దొరుకుతున్న మోమోలకు దగ్గరి చుట్టం. ఆకారం చూస్తే కజ్జికాయ గుర్తుకొస్తుంది. జపాన్‌లో ఇది రెండు పూటలా, ఇంటా బయటా తినే మామూలు తిండి. రామెన్ కొట్టులో నూడుల్స్ పక్కన ఒక ప్లేటు, ఇంట్లో అన్నంతో ఒక ప్లేటు, సాయంత్రం బీరుతో ఒక ప్లేటు.

అయితే ఇది జపాన్‌లో పుట్టింది కాదు. చైనా వాళ్ల జియావొజి దీనికి మూలం. చైనీయ వంటల గురించి జపాన్ వాళ్లకు అంతకుముందూ తెలుసు గాని, గ్యోజా ఇంటింటి తిండి అయింది రెండో ప్రపంచ యుద్ధం తర్వాతే. 1945లో యుద్ధం ముగిసేనాటికి 60 లక్షలకు పైగా జపనీయులు, సైనికులూ పౌరులూ కలిపి, దేశం బయట ఉన్నారు. ఈశాన్య చైనాలోని మంచూరియాలో బతికిన కుటుంబాలు తిరిగొచ్చేసరికి చేతిలో ఏమీ లేదు. చేతికి వచ్చిన వంట మాత్రం ఉంది. బియ్యానికి కటకటగా ఉన్న ఆ రోజుల్లో అమెరికా నుంచి గోధుమపిండి వచ్చింది. రైల్వే స్టేషన్ల పక్కన పుట్టుకొచ్చిన నల్లబజార్లలో వాళ్లు ఆ పిండిని పల్చగా ఒత్తి, దొరికిన కూరగాయ, దొరికిన మాంసం పెట్టి, కాల్చి అమ్మారు. అంటే జపాన్ గ్యోజా పెరిగిందే బజారులో. బజారు చూడకుండా గ్యోజా నేర్చుకోవడమంటే కథను సగం నుంచి వినడం.

చైనాలో జియావొజిని ఎక్కువగా నీళ్లలో ఉడికించి తింటారు. అదే భోజనం, పక్కన అన్నం అక్కర్లేదు. రేకు మందంగా ఉంటుంది. జపాన్‌కు వచ్చాక రేకు పల్చబడింది, వెల్లుల్లి ఎక్కువైంది, ఉడికించడం పోయి కాల్చడం వచ్చింది, పక్కన అన్నం చేరింది. అక్కడితో ఆగలేదు. ఏ ఊరి గ్యోజా ఆ ఊరిది అయింది.

టోక్యోకు ఉత్తరాన ఉన్న ఉత్సునోమియా నగరంలో ఒకప్పుడు సైన్యం 14వ డివిజన్ స్థావరం ఉండేది. ఆ దళం మంచూరియాలో పనిచేసింది. తిరిగొచ్చిన సైనికులు తెచ్చిన రుచే అక్కడ వేళ్లూనిందని ఆ ఊరివాళ్లు చెప్తారు. అభిమానం ఎంత దూరం వెళ్లిందంటే, 1994లో ఓయా రాయితో చెక్కిన గ్యోజా విగ్రహాన్ని స్టేషన్ దగ్గర నిలబెట్టారు. గ్యోజా రేకు కప్పుకున్న వీనస్ దేవత అది. 2008లో చోటు మారుస్తుండగా కిందపడి విరిగింది. బాగుచేసి మళ్లీ నిలబెట్టారు. హమమత్సులో గ్యోజాలను పెనం చుట్టూ చక్రంలా పేర్చి కాల్చి, మధ్య ఖాళీలో ఉడికించిన పెసర మొలకలు పెడతారు. కూరలో క్యాబేజీ, ఉల్లిపాయ ధారాళంగా పడతాయి. దక్షిణాన మియజాకి వాళ్లు కాల్చడానికి పంది కొవ్వు వాడతారు, పచ్చి గ్యోజాలు ఇంటికి కొనుక్కుపోతారు. కుటుంబాల ఖర్చుల మీద ప్రభుత్వం ఏటా చేసే సర్వేలో గ్యోజా మీద ఎవరు ఎక్కువ ఖర్చుపెట్టారన్నది ఈ మూడు ఊళ్ల మధ్య పెద్ద పందెం. 2021లో మొదటి స్థానం మియజాకికి దక్కింది. ఆ లెక్కలో హోటల్లో తిన్నదీ, ఫ్రీజర్‌లో దొరికే ప్యాకెట్లూ కలపరు. కొట్టులో కొని ఇంటికి తెచ్చుకున్నదే లెక్క.

క్యోటో ఈ పందెంలో లేదు. కానీ దేశమంతా వందల శాఖలున్న గ్యోజా హోటళ్ల సంస్థ 'గ్యోజా నో ఓషో' మొదటి కొట్టు 1967లో తెరిచింది ఇక్కడి షిజో ఓమియా కూడలిలోనే. దానికి పూర్తి భిన్నంగా, గియోన్ వీధుల్లో వెల్లుల్లి లేకుండా అల్లంతో చేసే చిన్న చిన్న గ్యోజాలూ దొరుకుతాయి. అతిథుల దగ్గర కూర్చుని మాట్లాడటం, పాడటం, ఆడటం వృత్తిగా ఉన్న గేకోలు, మైకోల ఊరు కదా, వెల్లుల్లి వాసన అక్కడ పనికిరాదు.

ఇక బజారు. క్యోటోలో అందరూ చెప్పే పేరు నిషికి. షిజో పెద్దవీధికి ఒక వీధి ఉత్తరాన, సుమారు 390 మీటర్ల పొడవునా ఇరుకైన సందు. పైన ఎరుపు, పసుపు, ఆకుపచ్చ రంగుల కప్పు. రెండు పక్కలా నూరుకు పైగా కొట్లు. నేల కింద ఊరే చల్లటి నీరు చేపలను తాజాగా ఉంచేది కాబట్టి చేపల వ్యాపారం ఇక్కడ కుదురుకుంది. 1615లో చేపల బజారుగా అధికారిక అనుమతి వచ్చింది. కత్తుల కొట్టు అరిత్సుగు 1560 నాటిది. మొదట ఆ కొట్టువాళ్లు చేసింది యుద్ధపు కత్తులు, ఇప్పుడు చేసేది వంటింటి కత్తులు.

ఈ బజారు ఒక చిత్రకారుణ్ని కూడా కన్నది. 1716లో నిషికిలోని టోకు కూరగాయల వర్తకుడి ఇంట పుట్టిన ఇతో జకుచు, నలభై ఏళ్లకు వ్యాపారం తమ్ముడికి అప్పగించి కుంచె పట్టాడు. 1770లలో బజారు మూతపడే ప్రమాదం వస్తే మాత్రం కుంచె పక్కనబెట్టి అధికారుల చుట్టూ తిరిగి దాన్ని నిలబెట్టాడు. ఆయన వేసిన ఒక చిత్రం క్యోటో జాతీయ మ్యూజియంలో ఉంది. బుద్ధుడి మహాపరినిర్వాణ ఘట్టమది. బుద్ధుడి స్థానంలో ఒక పెద్ద ముల్లంగి పడుకుని ఉంటుంది, చుట్టూ వంకాయలు, గుమ్మడికాయలు, దుంపలు దుఃఖిస్తూ ఉంటాయి. అమరావతి, నాగార్జునకొండ శిల్పాల్లో బుద్ధుడి జీవితాన్ని చూసిన తెలుగువాళ్లు ఆ చిత్రం ముందు కాసేపు ఆగాల్సిందే. కూరగాయల మధ్య పెరిగినవాడికి భక్తి ఆ రూపంలోనే వచ్చింది. పొద్దున కొట్లు తెరవకముందు వెళ్తే, మూసిన షట్టర్ల మీద ఆయన చిత్రాలు కనిపిస్తాయి.

ఒక మాట దాచకుండా చెప్పాలి. నిషికి ఇప్పుడు ఊరివాళ్ల వంటింటి కంటే పర్యాటకుల వీధిగానే ఎక్కువ నడుస్తోంది. పుల్లకు గుచ్చిన చేపలు, ఆక్టోపస్‌లు చేతికిచ్చే కొట్లు పెరిగాయి, ధరలూ పెరిగాయి. నడుస్తూ తినవద్దని, కొన్న కొట్టు ముందే నిలబడి తినమని బోర్డులు పెట్టారు. అందుకే నిజంగా వంటకు సరుకు కొనాలనుకునే క్లాసులకు చిన్న బజారు వీధులే మేలు. వాటిని 'షోతెంగై' అంటారు. నిజో కోటకు దక్షిణాన 800 మీటర్ల పొడవున్న సంజో షోతెంగై అలాంటిది. ముసలమ్మలు సైకిలు బుట్టలో క్యాబేజీ పెట్టుకుని పోతుంటారు. టోఫు కొట్టు, మాంసం కొట్టు, పచ్చళ్ల కొట్టు పక్కపక్కనే ఉంటాయి. "ఇరస్షైమసే" అంటూ లోపలినుంచి పలకరింపు వస్తుంది. రమ్మని ఆహ్వానమే గాని దానికి బదులు చెప్పనక్కర్లేదు, చిన్నగా తల వంచితే చాలు. కాయను నొక్కి చూడటం, గిల్లి చూడటం మాత్రం అక్కడి మర్యాద కాదు. బెండకాయ కొన విరిచి చూసే అలవాటున్న చేతులకు ఇది కొంచెం కష్టమే.

బజారు సంచి నిండా ఏముంటుంది? క్యాబేజీ, ఉల్లికాడలు, 'నిరా' అనే వెల్లుల్లి వాసన వేసే సన్నటి ఆకు, అల్లం, వెల్లుల్లి, పంది మాంసం కైమా, నువ్వుల నూనె, సోయా సాస్. గుండ్రటి రేకులు ప్యాకెట్లలో దొరుకుతాయి, జపాన్ ఇళ్లలో చాలామంది అవే కొంటారు. క్లాసులో మాత్రం వేడినీళ్లు పోసి పిండి కలపడం నేర్పితే మంచిది. వేడినీటికి పిండి మెత్తబడి, ఒత్తితే సాగి వెనక్కి ముడుచుకోదు. అరగంట తడిగుడ్డ కింద ఉంచి, చిన్న ఉండలు చేసి, అంచు పల్చగా నడుమ కొంచెం మందంగా ఒత్తాలి.

క్యాబేజీని సన్నగా తరిగి ఉప్పు చల్లి పది నిమిషాలాగి, గట్టిగా పిండాలి. ఈ పని బద్ధకిస్తే రేకు తడిసి చిరుగుతుంది. కైమాను మొదట ఉప్పుతో కలిపి జిగురు వచ్చేదాకా చేత్తో పిసకాలి. ఉప్పుకు మాంసంలోని ప్రోటీన్ కరిగి ముద్దను పట్టి ఉంచుతుంది, కొరికితే రసం జారిపోకుండా లోపలే నిలుస్తుంది. కూరగాయలు కలిపేది ఆ తర్వాతే.

మడతపెట్టేటప్పుడు తెలుగు చేతులకు ధైర్యం వస్తుంది. రేకు అంచుకు తడి రాసి, నడుమ చెంచాడు కూర పెట్టి, సగానికి మడవడం దాకా కజ్జికాయే. తేడా కుచ్చిళ్లలో ఉంది. కజ్జికాయకు రెండు అంచులూ కలిపి మెలిపెడతాం. గ్యోజాకు ముందువైపు అంచుకే ఐదారు కుచ్చిళ్లు పడతాయి, వెనకవైపు అంచు సాఫీగా ఉంటుంది. దాంతో అది నెలవంకలా వంగి, అడుగు చదునుగా పెనం మీద కూర్చుంటుంది. మొదటి నాలుగు వంకరగా వస్తాయి. పదోది నిలబడుతుంది.

పెనం వేడెక్కాక కొంచెం నూనె వేసి, గ్యోజాలను దగ్గరగా పేర్చి, అడుగు లేత రంగు రాగానే వేడినీళ్లు పోయాలి, గ్యోజా ఎత్తులో మూడోవంతు దాకా. చర్రున ఆవిరి లేస్తుంది, వెంటనే మూత. నాలుగైదు నిమిషాల్లో పైన రేకు ఆవిరికి ఉడికి నిగనిగలాడుతుంది. నీరు ఇంకాక మూత తీసి, అంచుల వెంట నువ్వుల నూనె చుక్కలు వేసి మళ్లీ కరకరలాడేదాకా ఉంచాలి. పోసే నీళ్లలో చెంచాడు పిండి కలిపితే గ్యోజాల మధ్య జల్లెడలాంటి పెళుసు రేకు ఏర్పడుతుంది. దాన్ని 'హనే', అంటే రెక్క అంటారు. అట్టు తిరగేసినట్టు పెనం మీద ప్లేటు బోర్లించి ఒక్కసారి తిప్పితే ఎర్రటి అడుగు పైకొస్తుంది.

శాకాహారులు ముందే చెప్పుకోవాలి. మాంసం తీసేసినంత మాత్రాన సరిపోదు. కూరలో చికెన్ పొడి, కాల్చడానికి పంది కొవ్వు, పక్కన ఇచ్చే సూప్‌లో ఎండు చేప రసం ఉండొచ్చు. బుక్ చేసేటప్పుడే 'చేప రసం కూడా వద్దు' అని రాస్తే టోఫు, షీటేక్ పుట్టగొడుగులతో చేయించే క్లాసులు దొరుకుతాయి. క్యోటోలో బౌద్ధ మఠాల శాకాహార వంట శతాబ్దాల నాటిది కాబట్టి టోఫుకు కొదవ లేదు.

హైదరాబాద్, విజయవాడల్లో ఇదే ప్రయత్నిస్తే రైతుబజారు సంచితోనే పని జరుగుతుంది. నిరా దొరకదు, ఉల్లికాడలకు ఒక వెల్లుల్లి రెబ్బ ఎక్కువ చేర్చాలి. పంది మాంసం బదులు కోడి తొడ కైమా వేస్తే రసం నిలుస్తుంది. రేకుకు మైదా చాలు. ముంచుకోవడానికి సోయా సాస్, వెనిగర్ సమానంగా కలిపి మిరప నూనె రెండు చుక్కలు వేస్తారు క్యోటోలో. ఇక్కడ ఎండుమిరప వేయించిన నూనె ప్రతి ఇంట్లోనూ చేసుకోవచ్చు. మిగిలిన పచ్చి గ్యోజాలను పళ్లెంలో పిండి చల్లి, ఒకదానికొకటి తగలకుండా పేర్చి ఫ్రీజర్‌లో పెడితే, మర్నాడు కరగనివ్వకుండా నేరుగా పెనం మీదికి వేయొచ్చు. నీళ్లు మాత్రం ఒక గరిటెడు ఎక్కువ పోయాలి.